పాలు మాన్పించే ముందా, ఆ రోజా, తర్వాతా? పందిపిల్లల టీకాకు రోజు ఎంచుకోవడం ఎలా

నాకు వచ్చే ఫోన్లలో సగం ఇదే ప్రశ్న. "పిల్లలకు నలభై రోజులు దాటాయండీ. రేపు తల్లి నుంచి వేరు చేస్తున్నాం. పనిలో పని, టీకా కూడా రేపే వేయించేద్దామా?" నేను వెంటనే అవుననీ చెప్పను, కాదనీ చెప్పను. "తల్లికి ఎప్పుడు వేయించారు?" అని అడుగుతాను. అవతల కాసేపు మాట ఉండదు. తర్వాత మెల్లగా "వేయించే ఉంటామండీ, పోయినేడాదో ఏమో" అంటారు.

ఆ "ఏమో" దగ్గరే చిక్కంతా ఉంది. పిల్లలకు టీకా ఎప్పుడు వేయాలన్నది పాలు మాన్పించే తేదీని బట్టి తేలదు. తల్లి ఒంట్లో ఏముంది, అది పాలతో పిల్లకు ఎంత చేరింది, దాన్ని బట్టి తేలుతుంది. నేను డాక్టర్ని కాను. పద్నాలుగు తల్లి పందులతో షెడ్ నడుపుకునే రైతుని. పన్నెండేళ్లలో తప్పు రోజున టీకా వేయించి పోగొట్టుకున్న పిల్లలూ ఉన్నాయి, సరైన రోజున వేయించి నిలబెట్టుకున్న ఈతలూ (ఒక కాన్పులో పుట్టిన పిల్లలన్నీ కలిపి ఒక ఈత) ఉన్నాయి. ఆ లెక్కతో రాస్తున్నాను. మందు, మోతాదు మాత్రం మీ పశువైద్యాధికారి చెప్పినట్టే నడవాలి.

ఇక్కడ టీకా అంటే ముఖ్యంగా స్వైన్ ఫీవర్ టీకా. మన వైపు చిన్న పిల్లల్ని గంపగుత్తగా తుడిచిపెట్టే రోగం అదే. గాలికుంటు, గొంతువాపు సంగతి చివర్లో చెబుతాను.

ముర్రుపాల లెక్క

ఆవుకైనా పందికైనా కడుపులో ఉన్నప్పుడు తల్లి రక్తంలోని యాంటీబాడీలు, అంటే రోగాన్ని ఎదిరించే పదార్థాలు, పిల్లకు చేరవు. పుట్టాక తాగే ముర్రుపాల ద్వారానే చేరాలి. అదీ మొదటి రోజే. ఒక రోజు, మహా అయితే ఒకటిన్నర రోజు గడిస్తే పిల్ల పేగు ఆ యాంటీబాడీలను రక్తంలోకి పోనివ్వదు. అందుకే ఈనిన రాత్రి నేను షెడ్ వదలను. బక్కగా పుట్టి, వెనక చన్నుల దగ్గర తోపులాటలో ఓడిపోయే పిల్లని పట్టుకుని ముందు చన్నుకి పెడతాను. ఆ రాత్రి రెండు గంటల నిద్ర పోతే పోయింది.

ఇలా వచ్చిన రక్షణ శాశ్వతం కాదు. స్వైన్ ఫీవర్ విషయంలో ఇది సుమారు పది పన్నెండు రోజులకోసారి సగమవుతూ వస్తుంది. మొదటి రోజు వంద ఉందనుకుంటే మూడు వారాలకు ఇరవై ఐదు, ఆరేడు వారాలకు ఆరో ఏడో మిగులుతాయి. తల్లి ఒంట్లో మొదటే బాగా ఉంటే ఆ మిగులు కూడా ఎక్కువే.

మరి ఎక్కువ ఉంటే మంచిదేగా? రోగం సంగతి చూస్తే మంచిదే. టీకాకి మాత్రం అదే అడ్డు. మనం వేసేది బతికున్న, బలం తీసేసిన వైరస్. అది పిల్ల ఒంట్లో కాస్త పెరిగితేనే ఒళ్లు దాన్ని గుర్తుపట్టి సొంత రక్షణ తయారుచేసుకుంటుంది. తల్లి నుంచి వచ్చిన యాంటీబాడీలు అసలు రోగమేదో టీకా ఏదో చూడవు, కనపడ్డ వైరస్‌నల్లా పట్టి చంపుతాయి. దాంతో సూది గుచ్చిన శ్రమ మిగులుతుంది, టీకా కార్డు మీద తేదీ మిగులుతుంది, పిల్లకు మాత్రం ఏమీ మిగలదు. తల్లి రక్షణ తరిగిపోయాక అదే పిల్ల రోగానికి ఖాళీ చేతులతో దొరుకుతుంది. "టీకా వేయించాం కదండీ, అయినా పోయాయి" అనే మాట వెనక చాలాసార్లు ఇదే ఉంటుంది.

అంటే తొందరపడినా నష్టమే, ఆలస్యం చేసినా నష్టమే. మధ్యలో ఒక సందు ఉంది. ఆ సందు ఏ వయసులో వస్తుందో తల్లి కార్డు చెబుతుంది.

మూడు వారాలకే వేయించడం

పిల్ల ఇంకా తల్లి దగ్గరే ఉంటుంది, పాలు తాగుతుంటుంది, బెంగ లేదు. ఇంకా చిన్న సైజే కాబట్టి పట్టుకోవడం సులువు. ఇన్ని మంచి గుణాలున్నాయని చాలామంది దీనికే మొగ్గుతారు. నేను ఒప్పుకోను. తల్లికి టీకా పడి ఉంటే ఈ వయసు పిల్ల ఒంట్లో తల్లి రక్షణ నిండుగా ఉంటుంది, టీకా వృథా.

ఇది సరైన ఎంపిక అయ్యేది రెండు సందర్భాల్లో. ఒకటి, తల్లికి ఎప్పుడూ టీకా పడలేదని మీకు ఖాయంగా తెలిసినప్పుడు. అప్పుడు పిల్లకు ముర్రుపాలతో వచ్చిందేమీ లేదు కాబట్టి రెండు మూడు వారాలకే వేయించాలి. ఆగే కొద్దీ ప్రమాదం. రెండు, పక్క ఊళ్లో రోగం నడుస్తున్నప్పుడు. ఏ మాత్రం పనిచేసినా చాలని వేయిస్తాం. ఈ రెండిట్లోనూ మూడు నాలుగు వారాల తర్వాత మళ్లీ ఒక డోసు తప్పదు. ఆ రెండో డోసు వేయించే ఓపిక లేనివాళ్లు మొదటిదాన్ని నమ్ముకోకూడదు.

తల్లి సంగతి తెలియకపోతే? టీకా పడలేదనే అనుకుని, తొందరగా ఒకటి, నెల తర్వాత ఇంకొకటి వేయించడమే మేలు. ఒక డోసు ఖర్చు పెరుగుతుంది, అంతే.

పుట్టగానే, ముర్రుపాలు తాగకముందే టీకా వేసి, గంటా రెండు గంటలు ఆగి తల్లి దగ్గర వదిలే పద్ధతి ఒకటుంది. రోగం పాతుకుపోయిన కొన్ని దేశాల పెద్ద ఫారాల్లో చేస్తారు. తర్కం సరైనదే, తల్లి యాంటీబాడీలు అడ్డురాకముందే టీకా పని మొదలుపెడుతుంది. కానీ మన షెడ్లలో అర్ధరాత్రి ఈనే పంది పక్కన ఐసు పెట్టెతో కూర్చుని, ఒక్కో పిల్లనూ పుట్టిన వెంటనే విడిగా ఉంచడం అయ్యే పని కాదు. పైగా ముర్రుపాలు ఆలస్యమై బక్క పిల్లలు పోతాయి. దాని జోలికి పోకండి.

వేరు చేసే రోజే వేయించడం

ఫోన్లో అడిగేవాళ్ల మనసులో ఉండేది ఇదే. ఆ రోజు ఎలాగూ అన్నిటినీ పట్టుకుంటాం, కాంపౌండర్ గారు వస్తారు, ఒకే ఖర్చు. నేనూ అలాగే అనుకున్నాను. పందులు పెంచడం మొదలుపెట్టిన మూడో ఏడు అది. తొమ్మిది పిల్లల ఈత. 42వ రోజు తల్లి నుంచి వేరు చేసి, ఆలస్యమైపోయిన మగపిల్లలకు ఆ పూటే విత్తులు తీయించి, నులిపురుగుల మందు పట్టించి, టీకా వేయించి, కొత్త గదిలోకి తోలాను. సాయంత్రానికి ఎంత పని అయిపోయిందో అని తృప్తిగా టీ తాగాను.

మర్నాడు పొద్దున చూస్తే దాణా తొట్టి నింపింది నింపినట్టే ఉంది. నాలుగు పిల్లలు మూలన ఒకదాని మీద ఒకటి ఎక్కి పడుకున్నాయి. మూడో రోజుకి విరేచనాలు. రెండు పోయాయి. టీకా చంపలేదు వాటిని. నేను ఒకే రోజున నాలుగు దెబ్బలు కొట్టాను.

వేరు చేసిన రోజు పిల్లకి ఏం జరుగుతుందో కాస్త దగ్గర్నుంచి చూడండి. అప్పటిదాకా గంటకోసారి తల్లి గురక పెట్టి పిలిచి పాలిచ్చేది. ఆ పిలుపు ఆగిపోతుంది. పాలలో ఉండి పేగును కాపాడే రక్షణ కూడా అదే రోజు ఆగిపోతుంది. పేగులో కాచుకుని ఉన్న ఇ-కోలై బ్యాక్టీరియాకు అది పండగ. తిండి రెండు మూడు రోజులు సరిగా ఎక్కదు. ఒకచోట చేర్చిన వేరే ఈత పిల్లలతో కుమ్ములాట, చెవులు కొరుక్కోవడం. ఈ గొడవలో ఉన్న ఒంటికి టీకా ఇచ్చే ఒకరోజు వెచ్చదనం కూడా భారమే. అలసిపోయిన ఒళ్లు టీకాకు గట్టిగా స్పందించదు కూడా.

అయినా ఈ రోజునే వేయించక తప్పని వాళ్లున్నారు. షెడ్ లేకుండా, ఊరి చుట్టూ తిరిగి మేసే పందుల్ని పెంచే ఎరుకల కుటుంబాల సంగతి వేరు. మా దగ్గర ఒక పెద్దాయన ఉన్నాడు, నాకు మొదటి తల్లి పందిని అమ్మింది ఆయనే. రెండు డోసుల లెక్క ఆయనకి చెప్పబోతే నవ్వాడు. "బాబూ, మళ్లీ మూడు వారాలకి పట్టుకోమంటావు. అప్పటికి ఇవి ఏ చెరువుగట్టున తిరుగుతుంటాయో నాకేం తెలుసు?" అన్నాడు. నిజమే. ఆయన పిల్లల్ని చేత్తో పట్టుకునేది తల్లి నుంచి విడదీసి అమ్మే రోజుల్లోనే. అలాంటి చోట రెండు నెలలు నిండిన పిల్లకు ఒక్క సూది పడినా అది బంగారం. కాగితం మీద ఎంత గొప్ప షెడ్యూలున్నా, పందులు చేతికి దొరక్కపోతే ఎందుకు?

కాబట్టి ఒకే రోజు చేయక తప్పకపోతే టీకా ఒక్కటే వేయించండి. విత్తులు తీయడం రెండు మూడు వారాల వయసులోనే ముగించండి. నులిపురుగుల మందు పది రోజుల ముందే పట్టించండి. గది మార్చకండి. పిల్లల్ని ఉన్నచోటే ఉంచి తల్లిని బయటికి తీసుకుపొండి. ఈ చివరి చిట్కా టీకా ఉన్నా లేకపోయినా పనికొస్తుంది.

వారం పది రోజుల ఎడం ఇవ్వడం

నా ఎంపిక ఇదే. అయితే ముందా వెనకా అన్నది మీరు పాలు మాన్పించే వయసుని బట్టి మారుతుంది.

తల్లికి టీకా పడి ఉంటే పిల్లకు టీకా వేయాల్సిన వయసు సుమారు 45 నుంచి 60 రోజులు. పెద్ద ఫారాల్లో 28 లేక 35 రోజులకే పాలు మాన్పిస్తారు. వాళ్లకి ఈ వయసు వేరు చేశాక పది రోజులకో మూడు వారాలకో వస్తుంది. అప్పటికి పిల్లలు దాణాకు అలవాటుపడి, కుమ్ములాటలు సద్దుమణిగి, పేడ గట్టిపడి ఉంటుంది. మనలాంటి చిన్న రైతులు చాలామంది ఎనిమిది వారాల దాకా తల్లి దగ్గరే ఉంచుతారు. అలాంటప్పుడు 45వ రోజు వేరు చేసే రోజుకి పది రోజుల ముందే వచ్చేస్తుంది. పిల్ల ఇంకా పాలు తాగుతూ, నిబ్బరంగా ఉండగానే టీకా పని అయిపోతుంది. ఆలస్యంగా పాలు మాన్పించడాన్ని వెనకబాటుగా చూసేవాళ్లున్నారు. ఈ ఒక్క విషయంలో మాత్రం లాభం మనదే.

అమ్మకం లెక్క కూడా ఇక్కడే కలపాలి. మన వైపు పిల్లల్ని ఎక్కువగా రెండు నెలల వయసులో అమ్ముతాం. టీకా పూర్తిగా పట్టడానికి రెండు వారాలు వేసుకోవాలి. 45వ రోజు వేయిస్తే 60వ రోజుకి బండెక్కించవచ్చు. 58వ రోజు వేయించి 60వ రోజు అమ్మితే కొన్నవాడికి మీరు ఇచ్చింది కార్డే గాని రక్షణ కాదు. దారిలో ఎండ, కొత్త షెడ్, కొత్త దాణా, వీటన్నిటి మధ్య ఆ పిల్ల రోగానికి ఎదురెళ్తుంది. తర్వాత వాళ్లు ఫోన్ చేసి తిడితే తప్పు వాళ్లది కాదు.

కొనేవాళ్లకూ ఒక మాట. సంతలో కొన్న పిల్లలకు చరిత్ర ఉండదు. తెచ్చిన రోజే సూది వేయకుండా, మీ పందులకు దూరంగా విడిగా కట్టి, నాలుగైదు రోజులు దాణా నీళ్లు ఎక్కనిచ్చి, చురుగ్గా ఉన్నవాటికి వేయించండి. నెల తర్వాత ఇంకొకటి. చుట్టుపక్కల రోగం ఉందని తెలిస్తే మాత్రం ఆ నాలుగైదు రోజులు ఆగవద్దు. విడిగా ఉంచడం ఎలాగూ నెల రోజులు ఉండాలి.

మరి వేరు చేసే రోజున ఎవరికీ సూది వద్దా? తల్లికి కావాలి. పిల్లల్ని విడదీసిన నాలుగు నుంచి ఏడు రోజుల్లో తల్లి మళ్లీ ఎదకొస్తుంది. చూడు కట్టాక బతికున్న టీకా వేయించడానికి మన డాక్టర్లు సాధారణంగా ఇష్టపడరు. అంటే పాలిచ్చే చివరి రోజుల్లోనే దాని వంతు పూర్తిచేయాలి. ఎద చూడగానే మగ పందిని వదిలేసి, తర్వాత నాలుక కరుచుకోవడం మా షెడ్‌లోనూ జరిగింది. ఇప్పుడు పిల్లల టీకా కోసం డాక్టరు గారు వచ్చిన రోజే తల్లి సంగతీ అడిగేస్తున్నాను. ఒకే రాక, ఒకే ఫ్లాస్కు.

ఏ టీకా?

స్వైన్ ఫీవర్‌కి మన దేశంలో ముఖ్యంగా మూడు రకాల టీకాల గురించి చెప్పుకోవాలి.

పాతది కుందేళ్ల టీకా. ఇంగ్లండ్‌లోని వేబ్రిడ్జ్ నుంచి వచ్చిన వైరస్ రకంతో (స్ట్రెయిన్) 1964 నుంచీ వాడుతున్నాం. కుందేలుకి వైరస్ ఎక్కించి, దాని ప్లీహం నుంచి తీస్తారు. ఒక కుందేలు నుంచి వచ్చేది యాభై డోసులే. అందుకే ఎప్పుడడిగినా "స్టాకు లేదు" అనే మాట. దేశానికి ఏటా 2 కోట్ల 20 లక్షల డోసులు కావాలంటే తయారయ్యేది 12 లక్షలని 2020లో కేంద్రమే చెప్పింది. రెండోది కొరియా నుంచి దిగుమతయ్యేది. మూడోది బరేలీ దగ్గరి ఇజ్జత్‌నగర్‌లో ఉన్న భారత పశువైద్య పరిశోధన సంస్థ తయారుచేసిన సెల్ కల్చర్ టీకా. ఇక్కడి పందుల నుంచి తీసిన వైరస్‌నే బలం తగ్గించి, కుందేళ్లతో పనిలేకుండా ప్రయోగశాలలో కణాల మీద పెంచుతారు. 2020 ఫిబ్రవరిలో విడుదల చేశారు.

ధరలో తేడా చాలా ఉంది. విడుదల రోజున ప్రభుత్వం ఇచ్చిన లెక్క ప్రకారం కుందేళ్ల టీకా డోసు 15 నుంచి 25 రూపాయలు, కొరియాది 30, సెల్ కల్చర్‌ది 2 రూపాయల లోపు. రక్షణ పాతవాటితో మూడు నుంచి ఆరు నెలలు, కొత్తదానితో రెండేళ్లని చెప్పారు. టీకా వేసిన 14వ రోజు నుంచి 18 నెలల దాకా రక్షణ ఉంటోందని అప్పటికి పరీక్షించి చూశామన్నారు. దుకాణంలో మీ చేతికొచ్చే ధర వేరుగా ఉండొచ్చు, అది అడిగి తెలుసుకోండి.

సెల్ కల్చర్ దొరికితే అదే తీసుకోండి. దొరకదని రెండు నెలలు కాచుకుని కూర్చోవడం మాత్రం తెలివితక్కువ పని. చేతిలో ఉన్న కుందేళ్ల టీకా సరైన వయసులో పడటం, రేపో మాపో వచ్చే మంచి టీకా కంటే మేలు. ఏది వేయించారో కార్డు మీద రాయించుకోండి. తర్వాతి డోసు ఆరు నెలలకా, ఏడాదికా, ఇంకా ఆలస్యంగానా అన్నది దాన్ని బట్టే ఉంటుంది. తల్లి పందుల విషయంలో ఇది మరీ ముఖ్యం.

ఒక అపోహ ఇక్కడే తీర్చుకోవాలి. 2020లో అస్సాం, అరుణాచల్‌లలో మొదలై దేశంలోకి వచ్చిన ఆఫ్రికన్ స్వైన్ ఫీవర్ వేరే రోగం. పేరు కలుస్తుంది, జ్వరం, చెవులు ఎర్రబడి ఊదారంగుకి తిరగడం, వెనక కాళ్లు తూలడం కూడా కలుస్తాయి. వైరస్ వేరు. మనం వేయించే టీకా దానికి పనిచేయదు, దానికంటూ టీకా మన రైతులకు అందుబాటులో లేదు. "స్వైన్ ఫీవర్ సూది పడింది కదా" అనే ధీమాతో హోటల్ ఎంగిలిని ఉడికించకుండా పోయడం, బయటి మనుషుల్ని షెడ్‌లో తిప్పడం చేయొద్దు. టీకా పడిన పందులు కూడా జ్వరంతో వరసగా పడిపోతుంటే ఇంకో సూది కోసం వెతకకుండా వెంటనే పశువైద్యశాలకి చెప్పండి. 1962కి ఫోన్ చేసినా సంచార వాహనం వస్తుంది.

సీసా దగ్గర జరిగే తప్పులు

వయసు సరిగ్గా ఎంచుకుని, మంచి టీకా తెచ్చుకుని కూడా ఓడిపోయేది ఇక్కడే. ఒకసారి పట్నంలో ఓ మందుల దుకాణంలో టీకా కొన్నాను. అప్పుడే కరెంటు వచ్చినట్టుంది, ఫ్రిజ్ తలుపు మీద నీటి చెమట. సీసా పట్టుకుంటే చల్లగా లేదు, లేబుల్ ఒక మూల నాని ఊడి ఉంది. "ఏం కాదండీ, పొద్దుటిదాకా ఐసులోనే ఉంది" అన్నాడు కుర్రాడు. మొహమాటానికి తెచ్చాను, వేయించాను. మూడు నెలలకి ఆ ఈతలో ఆరు పిల్లలు పోయాయి. సీసా వల్లే అని రుజువు చేయలేను. కానీ ఆ ఊడిన లేబుల్ ఇప్పటికీ కళ్లముందే ఉంది.

స్వైన్ ఫీవర్ టీకా పొడిగా వస్తుంది. దాని శత్రువు వేడి. గాలికుంటు టీకా నూనెతో కలిసి ద్రవంగా వస్తుంది. దానికి వేడీ శత్రువే, గడ్డకట్టడం ఇంకా పెద్ద శత్రువు. రెండూ ఒకే ఫ్లాస్కులో తెచ్చేటప్పుడు గాలికుంటు సీసాని ఐసు గడ్డకి ఆనించి పెట్టేస్తే అది గడ్డకట్టి చెడిపోతుంది. మధ్యలో కాగితమో గుడ్డో చుట్టండి. ఇంట్లో ఫ్రిజ్‌లోనూ అంతే, పైన ఐసు గదిలో పెట్టకూడదు, అస్తమానం తెరిచే తలుపులోనూ పెట్టకూడదు.

పొడిలో దాంతోపాటు ఇచ్చిన ద్రవమే, అది కూడా చల్లబరిచి, కలపాలి. కలిపాక గంటా రెండు గంటల్లో అయిపోవాలి. మిగిలింది రేపటికి అనే మాట లేదు. సిరంజిని స్పిరిట్‌తోనో డెట్టాల్‌తోనో కడిగితే ఆ అవశేషమే బతికున్న వైరస్‌ని చంపేస్తుంది. మరిగించి చల్లార్చినది గాని, కొత్త ప్యాకెట్ చింపినది గాని వాడాలి.

సీసాలో డోసులు ఎక్కువ, మన పిల్లలు తక్కువ. అందుకని నలుగురు రైతులు కలిసి ఒక సీసా కొంటారు. డబ్బు కలిసొస్తుంది, నేనూ చేస్తాను. కానీ ఆ కలిసి కొన్న సీసాతో పాటు ఒకే సూది నాలుగు షెడ్లు తిరిగితే మనం డబ్బిచ్చి మరీ రోగాన్ని ఊరేగించినట్టే. ఆఫ్రికన్ స్వైన్ ఫీవర్ వచ్చాక ఈ భయం రెట్టింపైంది. ఒక ఈతకి ఒక కొత్త సూది. సీసాలోకి దింపే సూది వేరు, పిల్లకి గుచ్చేది వేరు. వేసే మనిషి మీ షెడ్ గుమ్మంలో కాళ్లు కడిగి, మీ చెప్పులే వేసుకోవాలి. మొహమాటపడొద్దు. మా కాంపౌండర్ గారికి నేను విడిగా ఒక జత రబ్బరు బూట్లు కొని పెట్టాను. ఆయన మొదట్లో ఎగతాళి చేశారు, ఇప్పుడు రాగానే వాటినే అడుగుతారు.

వేసే పద్ధతి ఇలా ఉంటుంది. పొద్దున ఆరు గంటలకే మొదలుపెడతాం. పందికి చెమట పట్టదు, మే నెలలో పది దాటాక పట్టుకుని అరిపిస్తే ఆ అరుపుకే సొమ్మసిల్లుతుంది. తల్లిని ముందు పక్క గదిలో దాణా పెట్టి మూసేస్తాం. లేకపోతే మొదటి పిల్ల కేకకే గోడ దూకినంత పని చేస్తుంది. మా ఆవిడ పిల్లని ఛాతీకి అదుముకుని తల పక్కకి తిప్పుతుంది. చెవి వెనక, మెడ మీద, మురికి లేని చోట సూది దిగుతుంది. ఎప్పుడూ తొడ మీద వేయించకండి. రేపు మాంసంగా అమ్ముడయ్యే చోటు అది, పైగా నరం దెబ్బతిని కుంటుతుంది. వేసిన పిల్ల వీపు మీద వంగపండు రంగు జెన్షన్ వయొలెట్ గీత. గీత లేకపోతే అరగంటలో ఏ పిల్లకి పడిందో ఏ పిల్లకి పడలేదో బ్రహ్మదేవుడికి కూడా తెలియదు. తర్వాత అరగంట అక్కడే ఉంటాం. అరుదుగా ఒకటి ఆయాసపడి పడిపోవచ్చు, అందుకే డాక్టరు గారి సంచిలో అడ్రినలిన్ ఉందో లేదో ముందే అడుగుతాను.

మిగతా సూదులు ఎక్కడ సర్దాలి

గాలికుంటు టీకా చంపిన వైరస్‌తో చేసింది కాబట్టి ఒక్క డోసు చాలదు. మూడు నెలల వయసులో ఒకటి, నెల తర్వాత ఇంకొకటి, ఆపై ఆరు నెలలకోసారి వేయిస్తాను. పాలు మాన్పించే రోజుల్లోకి దీన్ని లాగకండి. సూది పడ్డ చోట గడ్డ కడుతుంది, పిల్ల రెండు రోజులు దిగులుగా ఉంటుంది. గొంతువాపు మీ ప్రాంతంలో ఏటా వస్తుంటేనే, వానలకి ముందు. పెద్ద దేశాల ఫారాల్లో మూడు వారాలకే వేసే సర్కో వైరస్, మైకోప్లాస్మా టీకాల గురించి వీడియోలు చూసి అడిగేవాళ్లున్నారు. పది పందుల షెడ్‌కి ముందు స్వైన్ ఫీవర్, గాలికుంటు సరిగా పడనివ్వండి. ఆ డబ్బుతో నేల మీద సిమెంటు వేయించుకోవచ్చు.

మా షెడ్‌లో ఒక ఈత నడిచే తీరు ఇది. మూడో రోజు ఐరన్ సూది, పద్నాలుగో రోజు ఇంకొకటి. రక్తం లేని పిల్లకి ఏ టీకా వేసినా దండగే. రెండో వారం నుంచే పిల్లల దాణా అలవాటు చేయడం, మూడో వారంలో మగపిల్లల విత్తులు తీయించడం, 35వ రోజు నులిపురుగుల మందు. 45వ రోజు స్వైన్ ఫీవర్. 56వ రోజు తల్లిని వేరు చేయడం. 60 దాటాక అమ్మకం. ఉంచుకున్నవాటికి 90, 120 రోజుల్లో గాలికుంటు. ఇదంతా తల్లి కార్డులో తేదీ ఉన్న ఈతకి. తేదీ లేని తల్లి ఈతకి స్వైన్ ఫీవర్ 21వ రోజున ఒకటి, 45-50 మధ్య మరొకటి.

యాంటీబయాటిక్ వాడుతుంటే టీకా వేయొచ్చా అని అడుగుతుంటారు. వైరస్ టీకాని యాంటీబయాటిక్ ఏమీ చేయదు. కానీ అసలు యాంటీబయాటిక్ ఎందుకు వాడాల్సి వచ్చింది? జ్వరమో విరేచనమో ఉంటే ఆ పిల్లని ఆ రోజుకి వదిలేయండి. స్టెరాయిడ్ సూది పడి ఉంటే కూడా ఆగాలి, అది టీకా పనిని అణిచేస్తుంది.

అలా వదిలేసిన పిల్ల విషయంలోనే ఎక్కువమంది మరిచిపోతారు. పోయిన ఈతలో పదకొండిట్లో ఒకటి 45వ రోజున పలచగా పారుకుంటోంది. దానికి వయొలెట్ గీత గీయలేదు. కార్డు మీద ఎర్ర పెన్నుతో "ఎడమ చెవికి మచ్చ, బాకీ" అని రాసి గుమ్మం పక్కన మేకుకి తగిలించాను. 54వ రోజున డాక్టరు గారు వేరే పని మీద వచ్చినప్పుడు దాని బాకీ తీరింది.